మైన్‌క్రాఫ్ట్ బీటా 1.7.3లో ఏముందని ఇంకా ఆడుతున్నారు?

దిమ్మెలు తవ్వి, పేర్చి నచ్చింది కట్టుకునే గేమ్ మైన్‌క్రాఫ్ట్. అది పూర్తిగా విడుదల కాకముందు, 2011 జులైలో వచ్చిన ప్రయోగ వెర్షన్ బీటా 1.7.3ని ఇప్పటికీ వదలకుండా ఆడేవాళ్లున్నారు. చిన్ననాటి జ్ఞాపకాల మీద మోజు అని కొట్టిపారేయడం తేలికే. కానీ అది వచ్చేనాటికి మౌస్ పట్టడం కూడా రాని పిల్లలు ఇప్పుడు వెతికి మరీ ఆడుతున్నారు, మరి వాళ్లకెక్కడివి ఆ జ్ఞాపకాలు?

నన్నడిగితే దాని బలమంతా అందులో లేనివాటిలోనే ఉంది. ఆకలి మీటర్ లేదు, పరుగు లేదు, ఎక్స్‌పీరియన్స్ పాయింట్లు లేవు, గ్రామాలు లేవు, చివర్లో చంపాల్సిన డ్రాగన్ లేదు. ఇవన్నీ అదే ఏడాది సెప్టెంబర్‌లో బీటా 1.8తోనూ, నవంబర్‌లో తొలి పూర్తి వెర్షన్ 1.0తోనూ వచ్చాయి. అప్పట్నుంచి గేమ్‌కి ఒక దారి ఏర్పడింది: లెవెల్స్ పెంచుకో, ఆయుధాలకు మంత్రాలు ఎక్కించు, డ్రాగన్‌ని చంపు. 1.7.3లో డైమండ్ గునపం చేతికొచ్చాక గేమ్ మీకు చెప్పేదేమీ ఉండదు, ఏం కట్టాలో మీరే తేల్చుకోవాలి.

తిండి సంగతే చూడండి. తినగానే హార్ట్స్ (ప్రాణం) నిండుతాయి, బాగానే ఉంది, కానీ పంది మాంసం ఒక్కో ముక్కా మీ సంచిలో ఒక్కో గడిని ఆక్రమిస్తుంది, ఒకదాని మీద ఒకటి పేర్చడం కుదరదు, కాబట్టి గుహలోకి దిగేముందు తిండికి ఎన్ని గడులు, తవ్వి తెచ్చేదానికి ఎన్ని గడులు అని నిజంగానే లెక్క వేసుకోవాలి. ఇప్పుడైతే ఒకే గడిలో 64 ముక్కలు పట్టేస్తాయి, ఆ టెన్షనే లేదు. దూరం కూడా అంతే. పరుగెత్తలేరు, ఎగిరే రెక్కలు వచ్చింది 2016లో, అందుకే 1.7.3లో దూరంగా కనిపించే కొండ నిజంగానే దూరం. అక్కడిదాకా రైలు పట్టాలు వేస్తే అది అలంకారం కాదు, అవసరం.

ఇక ఆ కొండలు! గాల్లో తేలే దిబ్బలు, కింద ఏ ఆధారమూ లేకుండా ముందుకు పొడుచుకొచ్చిన రాళ్లు. బీటా 1.8 వీటిని చాలావరకు చదును చేసేసింది. 2021లో పూర్తి వెర్షన్ 1.18తో భారీ పర్వతాలు వచ్చాయి, అందంగానే ఉన్నాయి, కాకపోతే నా కంటికి మరీ పద్ధతిగా కనిపిస్తాయి.

లోపాల్లేవని కాదు. పడవ దేనికైనా గట్టిగా తగిలితే ముక్కలైపోతుంది. బాణాలైతే క్లిక్ చేసినంత వేగంగా వెళ్తాయి, ఇక దాన్ని యుద్ధం అనడమే ఎక్కువ.

పాత వెర్షన్‌నే పట్టుకున్న మరో గుంపు, 1.8.9 (బీటా 1.8 కాదు, చాలా తర్వాతి పూర్తి వెర్షన్) అభిమానుల గోల వేరు. 1.9లో కత్తి దెబ్బకీ దెబ్బకీ మధ్య ఆగాల్సి రావడం వాళ్లకు నచ్చలేదు, అంతే.

పాత బీటావాళ్లకు కొత్తదనం పడదనుకోవడం కూడా తప్పే. బెటర్ దాన్ అడ్వెంచర్ అనే మోడ్ (అభిమానులు గేమ్‌కి చేసే మార్పుల కూర్పు) 1.7.3ని తీసుకుని, దానికి బోలెడు కొత్తవి చేర్చి, వేరే దారిలో నడిపిస్తోంది. వాళ్ల గొడవ గేమ్ పట్టిన దారితోనే. పాత వెర్షన్లను గేమ్ తయారుచేసిన మోజాంగ్ సంస్థ లాంచర్‌లోనే (గేమ్‌ని తెరిచే ప్రోగ్రామ్) అందుబాటులో ఉంచింది కాబట్టి ఎవరైనా ఆడి చూసుకోవచ్చు. ఒకటే జాగ్రత్త, పాత ప్రపంచాన్ని కొత్త వెర్షన్‌లో తెరిస్తే మళ్లీ పాతదాంట్లోకి తేలేరు, ముందే కాపీ తీసి పెట్టుకోండి.