జైలు పుస్తకాల అర గారికి ఒక విన్నపం

మహారాజరాజశ్రీ జైలు పుస్తకాల అర గారి సముఖానికి,

తమరి కింద రోజూ తల పెట్టుకుని పడుకునేవాడు రాసుకుంటున్న మనవి.

అయ్యా, పదేళ్ల నుంచి మీరు నా తలాపున ఉన్నారు. నిద్ర పట్టడానికి కొందరు పాటలు వింటారు, నేను సంకెళ్ల చప్పుడు వింటాను. మెత్తటి దిండు, మెడదాకా దుప్పటి, చేతిలో సైబీరియా. ఖైదీల రొట్టెకు కోత పడిన పేజీ దగ్గర నాకే ఆకలేసి వంటింట్లోకి వెళ్లిన రాత్రులూ ఉన్నాయి. "పడుకునే ముందు ఆ దరిద్రం ఏంటి?" అని ఇంట్లోవాళ్లు అడిగితే, "మనిషి బాధ తెలియాలి" అనేవాణ్ణి. బాధ సంగతేమో గానీ, నిద్ర మాత్రం బ్రహ్మాండంగా పట్టేది.

ఎందుకు పట్టేదో ఇప్పుడు అర్థమైంది. పుస్తకం తెరవగానే మీరు నన్ను తీసుకెళ్లి నేరుగా ఖైదీ పక్కన కూర్చోబెట్టేవారు, అదీ ఉచితంగా. ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా జైలరు పక్కన సీటు చూపించలేదు. అందుకే నా మీద నాకు మంచి అభిప్రాయం ఉండేది. నాలాంటి పాఠకులందరికీ అంతే అనుకుంటా. చదివేవాళ్లమంతా ఖైదీలమే అయితే మరి ఆ జైళ్లను నడిపింది ఎవరండీ?

పోయిన నెల రష్యన్ రచయిత చెహోవ్ రాసిన సఖాలిన్ పుస్తకం మళ్లీ తీశాను. 1890లో ఆయన ఎవరూ పంపకుండానే రష్యా తూర్పు కొసన ఉన్న ఆ శిక్షా దీవికి వెళ్లాడు. మూడు నెలలకు పైగా ఇల్లిల్లూ తిరిగి, మనిషికో కార్డు చొప్పున సుమారు పదివేల కార్డులు నింపుకున్నాడు. అందులో ప్రొఖోరొవ్ అనే ఖైదీకి తొంభై కొరడా దెబ్బలు వేసే ఘట్టం ఉంది. దెబ్బలకు ముందు డాక్టరు పరీక్షించాలి. ఒక కుర్ర డాక్టరు వస్తాడు, గుండె చప్పుడు వింటాడు, ఈ మనిషి ఎన్ని దెబ్బలకు ఆగుతాడో ఒక్క నిమిషంలో తేల్చేస్తాడు, సర్టిఫికెట్ రాయడానికి కూర్చుంటాడు. కలం సిరాలో ముంచుతూ, అయ్యో పాపం, ఆ సంకెళ్లు బరువుగా ఉన్నట్టున్నాయే, అధికారి గారిని అడిగితే తీయిస్తారు కదా అని జాలి పడతాడు. ప్రొఖోరొవ్ ఏమీ అనడు. పాలిపోయిన పెదవులు వణుకుతుంటాయి.

తర్వాత కొట్టేవాడు ఒకవైపు నుంచి ఐదు కొడతాడు, నింపాదిగా నడిచి రెండోవైపు వచ్చి ఇంకో ఐదు. పక్కన ఒకాయన గట్టిగా లెక్కపెడుతుంటాడు. చెహోవ్ చూడలేక బయటికి వెళ్లిపోతాడు.

నేను వెళ్లలేదు. నేనేం చేశానో తెలుసా? ఐదేసి చొప్పున తొంభై అంటే ఎన్ని విడతలు అవుతాయో వేళ్లు మడిచి లెక్క వేశాను. పద్దెనిమిది. సరిగ్గా వచ్చిందని తృప్తి కూడా పడ్డాను. లెక్క పెట్టే ఆయన ఒకచోట తడబడి ఉంటే ముందు దిద్దేది నేనే అని ఆ క్షణంలో తెలిసింది.

ఇక ఆ తర్వాత మీ దగ్గర ఏ పుస్తకం తీసినా నా చూపు ఖైదీ మీద నిలవడం లేదు, గుమాస్తా మీదికి పోతోంది. 1914లో కాఫ్కా రాసిన శిక్షా దీవి కథ చూడండి. శిక్షను ఖైదీ ఒంటి మీదే సూదులతో పన్నెండు గంటల పాటు రాసే యంత్రం. తనకు పడిన శిక్ష ఏమిటో ఆ ఖైదీకే తెలియదు. ఎలాగూ ఒంటి మీద తెలుస్తుంది కదా, చెప్పడం దండగ అంటాడు దాన్ని నడిపే అధికారి. ఇంతకీ ఆయన గోడు ఏమిటి? యంత్రానికి పట్టీ తెగింది. కొత్తది కావాలంటే తెగిన ముక్కను రుజువుగా పంపమంటారు. పంపినా పది రోజులకు గానీ రాదు, వచ్చినా నాసిరకం. ఇది చదివి "నిజమేనయ్యా" అని తలూపాను. ఆ యంత్రం కింద పడుకోబోయే మనిషి అప్పుడు నా లెక్కలో లేడు.

సైబీరియాలోని ఓమ్స్క్ జైల్లో నాలుగేళ్లు ఉండి వచ్చిన దొస్తోయెవ్‌స్కీ పుస్తకంలో ఒక క్షయ రోగి చనిపోతాడు. ఒంటి మీద దుప్పటి కూడా మోయలేక తోసేసిన మనిషి, కాళ్లకు గొలుసులు మాత్రం అలాగే ఉంటాయి. శవాన్ని ఎత్తుతుంటే ఆ గొలుసులు నేలకు తగిలి గల్లుమంటాయి, ఎవరో పైకి ఎత్తి పట్టుకుంటారు. వసారాలోకి తీసుకెళ్లాక గానీ కమ్మరిని పిలవండి అన్న మాట వినిపించదు.

డ్రైఫస్ సంగతి మీకు చెప్పక్కర్లేదు, మీ రెండో వరసలోనే ఉన్నాడు. ఆ ఫ్రెంచి సైనికాధికారిని చేయని నేరానికి దక్షిణ అమెరికా తీరంలోని డెవిల్స్ ఐలాండ్ అనే దీవిలో పెట్టారు. 1896 సెప్టెంబరులో ఆయన పారిపోయాడని పత్రికలో ఒక అబద్ధపు వార్త వచ్చింది. మనిషి అక్కడే ఉన్నాడు. అయినా రాత్రిళ్లు రెండు కాళ్లనూ మంచానికి బిగించిన ఇనుప కడియాల్లో పెట్టి తాళం వేశారు. గుడిసె చుట్టూ దడి కట్టి సముద్రం కూడా కనపడకుండా చేశారు. నేనేం తప్పు చేశానని ఆయన అడిగితే వచ్చిన జవాబు, ఇది శిక్ష కాదు, ముందుజాగ్రత్త మాత్రమే అని. అంత మర్యాదైన వాక్యం నేను జన్మలో రాయలేను అనుకున్నాను. పొరపాటు. ఆ సంగతి చివర్లో చెప్తాను.

ఆ ఫ్రెంచి వాళ్లదే 1854 నాటి ఇంకో చట్టం ఉండేది. ఆ దీవి ఉన్న ఫ్రెంచి గయానాకు పంపిన ఖైదీకి ఎనిమిదేళ్ల లోపు శిక్ష పడితే, అది పూర్తయ్యాక మళ్లీ అన్నేళ్లూ అక్కడే ఉండాలి. ఎనిమిదో, అంతకు మించో అయితే ఇక జీవితాంతం అక్కడే. దాని పేరు "రెట్టింపు". విడుదల చేశాం, కానీ వెళ్లకూడదు. 1923లో అక్కడికి వెళ్లిన పత్రికా రచయిత ఆల్బేర్ లోంద్ర్, అసలు శిక్ష విడుదలతోనే మొదలవుతుందని రాశాడు. ఈ చట్టం రాసినవాళ్ల చేతిలో కొరడా లేదు. బహుశా చక్కటి దస్తూరీ ఉండి ఉంటుంది.

అయ్యా, నా మనవి ఒక్కటే. మీ అరకు ఒక బోర్డు తగిలించండి: "ఖైదీల పక్కన సీట్లు నిండినవి. గుమాస్తాల పక్కన ఖాళీలు కలవు."

ఇప్పుడు ఆ చివరి సంగతి. డ్రైఫస్ పుస్తకాన్ని ఒక స్నేహితుడు తీసుకెళ్లి ఏడు నెలలు తిరిగి ఇవ్వలేదు. ఎవరేం తీసుకెళ్లారో రాసుకునే నోట్‌బుక్ నాకు ఉంది, మార్జిన్ కొట్టి మరీ. పుస్తకం తెచ్చిచ్చిన రోజున అతనితో, ఇంకో ఏడు నెలలు ఏ పుస్తకమూ ఇవ్వను అన్నాను. మొహం చిన్నబుచ్చుకుంటే, "శిక్ష కాదురా, పుస్తకాలు జాగ్రత్తగా ఉండాలని అంతే" అని నచ్చజెప్పాను. ఎనిమిదో నెల దాకా ఆగి ఉంటే ఏం చేసేవాణ్ణో.

మొన్న వాడు వచ్చి చేతులు వెనక్కి కట్టుకుని మీ ముందు కాసేపు నిలబడ్డాడు, మీరూ చూశారు. పేర్లు చదువుకున్నాడు, ఒక్కటీ ముట్టుకోలేదు. వాడు వెళ్లాక నోట్‌బుక్ తీశాను. నాలుగు నెలలు పూర్తయ్యాయి, మూడు మిగిలాయి. కొట్టేద్దామని పెన్ను మూత తీశాను. వాడి దగ్గర్నుంచి ఒక దరఖాస్తు ఉంటే బాగుండేది అనిపించింది.

ఇట్లు,
తమ విధేయుడు