ఫూకో ఆ మాట అనలేదు

ఈ నెలలో ఒకే మెసేజ్ రెండు వాట్సాప్ గ్రూపుల్లో వచ్చింది. ఒకటి గుంటూరులో నాతో చదివినవాళ్ల గ్రూపు, ఇంకొకటి విజయవాడలో మా అపార్ట్‌మెంట్ గ్రూపు. అందులో ఉన్నది ఇదీ: "జ్ఞానమే అధికారం అని ఫ్రెంచ్ తత్వవేత్త ఫూకో ఎప్పుడో తేల్చేశాడు. కాబట్టి నిజం అంటూ ఏదీ లేదు. డాక్టర్లు, శాస్త్రవేత్తలు చెప్పేదంతా పైన కూర్చున్నవాళ్లు రాయించిన కథ. వాళ్లను దించితే అసలు నిజం బయటికొస్తుంది." ఇది చదివి మా అపార్ట్‌మెంట్‌లో ఒకాయన బీపీ మాత్రలు ఆపేస్తానని గ్రూపులో పెట్టారు. ఇక ఊరుకోలేక ఇది రాస్తున్నాను.

మొదటి వాక్యం. జ్ఞానమే శక్తి అనే అర్థం వచ్చే లాటిన్ మాట ఇంగ్లిష్ తత్వవేత్త ఫ్రాన్సిస్ బేకన్‌ది, 1597 నాటిది. ఫూకో పుట్టింది 1926లో. ఆ సూత్రాన్ని తనకు అంటగడితే నవ్వొస్తుందని ఆయనే ఒక ఇంటర్వ్యూలో చెప్పాడు. రెండూ ఒకటే అయితే వాటి మధ్య సంబంధం ఏమిటని వెతకాల్సిన పనే లేదు కదా! ఆయన వెతికింది ఆ సంబంధాన్నే. మనుషులను అదుపులో పెట్టాలంటే వాళ్ల గురించి తెలియాలి. తెలియాలంటే వాళ్లను వరసలో నిలబెట్టి, లెక్కపెట్టి, పేర్లు రాసుకోగలిగే పట్టు ఉండాలి. ఆ పట్టు వల్ల తెలిసేది పెరుగుతుంది, తెలిసినదాని వల్ల పట్టు పెరుగుతుంది.

ఇది అర్థం కావడానికి పారిస్ దాకా పోనక్కర్లేదు. బాపట్ల దగ్గర స్టూవర్టుపురం చాలు, మొన్నమొన్నటిదాకా మన గుంటూరు జిల్లాలోదే. బ్రిటిష్‌వాళ్లు 1871లో నేరస్థ జాతుల చట్టం తెచ్చారు. 1911లో మద్రాసు ప్రెసిడెన్సీ కూడా దాని కిందికి వచ్చింది. ఎరుకలవాళ్లు అంతకుముందు పశువుల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని ఊరూరా తిరిగి అమ్ముకునేవాళ్లు. రైళ్లు, సర్కారు ఉప్పు విధానం కలిసి ఆ బతుకుదెరువును దెబ్బతీశాయి. ఆ తర్వాత అదే సర్కారు వాళ్లను పుట్టుకతో నేరస్థులుగా రిజిస్టర్‌లోకి ఎక్కించింది. స్టూవర్టుపురంలో సెటిల్‌మెంట్ పెట్టి సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సంస్థ చేతికిచ్చింది. వేలిముద్రలు, హాజరు పిలుపు, హద్దు దాటాలంటే పాసు.

ఒక్క మనిషిని ఊహించుకోండి. చెల్లెలికి బాగోలేదని కబురొచ్చి పాసు లేకుండా పక్క ఊరు వెళ్లాడు. అది నేరం. శిక్ష పడుతుంది, రిజిస్టర్‌లో ఇంకో గీత పడుతుంది. ఇలాంటి గీతలన్నీ కూడితే "ఈ కులంలో నేరాలు ఎక్కువ" అనే లెక్క తేలుతుంది. ఆ లెక్క చూపించి కాపలా ఇంకా బిగించవచ్చు. ఇందులో ఎవరూ అబద్ధం రాయలేదు. అతను నిజంగానే పాసు లేకుండా వెళ్లాడు. ప్రతి గీతా నిజమే అయినా వాటిలోంచి తీసిన "శాస్త్రం" ఘోరమైన అన్యాయం. అబద్ధం చెప్పారు అని తిట్టి ఊరుకుంటే ఈ చక్రం మన కంటికి ఆనదు.

ఇక "నిజం అంటూ ఏదీ లేదు" అన్న మాట. అలా అంటూనే చివర్లో "అసలు నిజం బయటికొస్తుంది" అంటే ఎలా? ఫూకో దృష్టిలో సత్యం లేదని ప్రచారం చేసేవాళ్లది తేలికబుద్ధి అని 1984లో, చనిపోయే ఏడాది, ఆయనే స్పష్టంగా అన్నాడు. ఆయన పరిశీలించడానికి ఎంచుకున్నవి భౌతికశాస్త్రం, రసాయనశాస్త్రం కావు. మానసిక వైద్యం, నేరశాస్త్రం లాంటివి, మనిషికి ముద్ర వేసే విద్యలు. మా అపార్ట్‌మెంట్ పెద్దాయన మాత్రల సంగతే తీసుకుందాం. రక్తపోటు పెరిగితే గుండె, కిడ్నీలు దెబ్బతింటాయి, అది ఎవరి పెత్తనంతోనూ మారదు. ఎక్కడి నుంచి జబ్బు అనాలో ఆ గీత మాత్రం మనుషులు కూర్చుని గీసిందే. 2017లో అమెరికా గుండె వైద్య సంఘాలు దాన్ని 140/90 నుంచి 130/80కి దించాయి. ఆ గీత ఎందుకు దిగింది, ఎవరికి లాభం, ఎవరికి ఖర్చు అని తప్పకుండా అడగండి సార్. మాత్ర వేసుకుని అడగండి.

"పైన కూర్చున్నవాళ్లు" అనే మాట దగ్గర మన తెలుగు కూడా కొంత పక్కదారి పట్టిస్తుందేమో. అధికారం అనగానే మనకు కలెక్టర్ కుర్చీ, గెలిచిన పార్టీ గుర్తొస్తాయి. ఫూకో చెప్పినదానికి "పెత్తనం" దగ్గరగా ఉంటుందని నాకనిపిస్తుంది. పెత్తనానికి కుర్చీ అక్కర్లేదు. ఇంట్లో ఉంటుంది, ఆసుపత్రి వార్డులో ఉంటుంది, క్లాసులో ఉంటుంది. పైవాడిని దించినా పోదు. పైగా అది నోరు నొక్కడంతో ఆగదు, మనుషులను తయారుచేస్తుంది. 1975లో జైళ్ల గురించి రాస్తూ ఆయన పరీక్ష మీద అంతసేపు ఆగింది ఇందుకే. పరీక్ష మనిషిని కనిపెట్టి చూస్తుంది, తూకం వేస్తుంది, ఒక ఫైలుగా మారుస్తుంది.

మా తమ్ముడి కూతురు విజయవాడలో ఒక కాలేజీ హాస్టల్లో ఇంటర్ చదువుతోంది. వీక్లీ టెస్ట్ అయ్యాక నోటీసు బోర్డు మీద మార్కుల షీట్ అంటిస్తారు. ఒకచోట ఎర్ర స్కెచ్‌పెన్‌తో అడ్డగీత. కిందున్నవాళ్లు సెక్షన్ మారాలి. పిల్లలు ఆ షీట్‌లో పేరు వెతుక్కోరు, నంబరు వెతుక్కుంటారు. దసరా సెలవులకు వచ్చినప్పుడు "పెదనాన్నా, నేను సీ సెక్షన్ టైపు" అంది, బ్లడ్ గ్రూప్ చెప్పినంత మామూలుగా. ఆ మాట అనమని ఎవరూ బెదిరించలేదు. నాకు గుండెల్లో కలుక్కుమంది.

అలాగని చేతులెత్తేయమని కూడా ఫూకో చెప్పలేదు. 1971లో మరికొందరితో కలిసి జైళ్ల సమాచార బృందం పెట్టి, లోపల ఏం జరుగుతోందో ఖైదీల నుంచే, వాళ్ల కుటుంబాల నుంచే ప్రశ్నపత్రాలతో సేకరించాడు. ఎప్పుడూ ఇతరుల రాతల్లోకి ఎక్కేవాళ్లు ఈసారి తామే రాశారు. నేరస్థ జాతుల చట్టం 1952లో దేశమంతటా రద్దయ్యాక, ఆ ముద్ర మోసినవాళ్లే ఇప్పుడు విముక్త జాతులన్న పేరుతో తమ హక్కులు అడుగుతున్నారు.

సంక్రాంతికి వచ్చినప్పుడు మా తమ్ముడి కూతురు ఒక లాంగ్ నోట్‌బుక్ చూపించింది. రూములో ఎనిమిది మందీ మూడు వారాల పాటు ఎవరు ఎన్ని గంటలు పడుకున్నారో రోజూ రాశారు. పక్క గడిలో ఆ వారం టెస్ట్ మార్కులు. అది తీసుకెళ్లి వార్డెన్ ముందు పెట్టారట. రాత్రి స్టడీ అవర్ అరగంట తగ్గింది.