హిందీ సినిమాలు చూసే కాపురాలు పాడవుతున్నాయట!

నాలుగు రోజుల్లో ఆ మెసేజ్ నాకు రావడం ఇది ఆరోసారి. ఈసారి పంపింది నేను బాగా గౌరవించే స్నేహితురాలు, అందుకే ఇక ఊరుకోలేక రాస్తున్నాను. అందులో ఉన్నది ఇదీ: పాత హిందీ సినిమాల్లో అక్రమ సంబంధాలు ఉండేవి కావు, ఇప్పుడు వాటిని గొప్పగా చూపించి ఆడవాళ్లను చెడగొడుతున్నారు, 2018లో సుప్రీంకోర్టు కూడా లైసెన్సు ఇచ్చేసింది, వెనకటి భార్యలు సర్దుకుపోయేవాళ్లు కాబట్టే సంసారాలు నిలిచాయి, పిల్లల గోడు ఈ సినిమాలకు పట్టదు.

పాత సినిమాల్లో లేవా? పెళ్లయ్యాక పాత ప్రేమికుణ్ణి కలుస్తూ ఉండే భార్య కథ ‘గుమ్‌రాహ్’ వచ్చింది 1963లో. ‘సిల్సిలా’ 1981లో. రెండిట్లోనూ చివరికి ఎవరి కాపురానికి వాళ్లు తిరిగొస్తారు. ఇది చాలు.

అక్రమ సంబంధాన్ని నేరంగా చూసిన 497 సెక్షన్‌నే కోర్టు కొట్టేసింది. దాని కింద భార్యకు ఎప్పుడూ శిక్ష లేదు. ఆమెతో ఉన్న మగాడి మీద భర్త కేసు పెట్టగలిగేవాడు, భర్తే ఒప్పుకుంటే అసలు నేరమే అయ్యేది కాదు. భర్త తప్పు చేస్తే మాత్రం భార్య ఆ సెక్షన్ కింద ఎవరి మీదా కేసు పెట్టగలిగేది కాదు. అలాంటి చట్టం పోతే ఆడవాళ్లకు లైసెన్సు వచ్చినట్టా? విడాకులకు అక్రమ సంబంధం ఇప్పటికీ కారణమే కదా!

అసలు నా ఒళ్లు మండేది సర్దుకుపోవడం దగ్గర. హిందీ సినిమా దశాబ్దాలుగా నేర్పింది అదే కదండీ! ‘బీవీ నంబర్ 1’లో (1999) భర్త మోడల్‌తో వెళ్లిపోతాడు, అతణ్ణి వెనక్కి తెచ్చుకోవడం భార్య పని, ఇదంతా మనం నవ్వుకోవడానికి. మరుసటి ఏడే ‘అస్తిత్వ’లో భార్య ఎప్పుడో పాతికేళ్ల కిందట చేసిన తప్పు బయటపడితే భర్తా, కన్నకొడుకూ కూడా ఆమెను దోషిలా నిలబెడతారు. సర్దుకుపోవడం ఆయనకు రాదా? 1982లోనే ‘అర్థ్’లో షబానా ఆజ్మీ ఈ ప్రశ్న వేసింది. తిరిగొచ్చిన భర్తను, నేనే ఇలా చేసి వస్తే నన్ను ఏలుకునేవాడివా అని అడిగింది. లేదన్నాడు. ఆమె వెళ్లిపోయింది. ఈ సినిమా చూసి ఆడవాళ్లు చెడిపోతారా, చెప్పండి?

మా పిన్ని ముప్పై ఏళ్లు సర్దుకుపోయింది. బాబాయికి చిన్నిల్లు ఉందని ఊరందరికీ తెలుసు, అయినా పండగనాడు ఆయన వచ్చేదాకా ఆవిడ మెతుకు ముట్టేది కాదు. ఆ మెసేజ్ లెక్కలో అది నిలబడ్డ సంసారమే. అది రాసినవాళ్లు ఒక్క పండగ రోజు ఆ వంటింట్లో కూర్చుని ఉంటే తెలిసేది.

పిల్లల మాట మాత్రం నిజం, ఒప్పుకుంటున్నాను. ‘మాసూమ్’ (1983) లాంటి ఒకటీ అరా తప్ప ఈ కథలన్నీ ఆ ఇద్దరి, ముగ్గురి మనసుల చుట్టూనే తిరుగుతాయి, పక్కగదిలో పిల్లాడు ఏం వింటున్నాడో కెమెరా చూడదు. మా పిన్ని కొడుక్కి ఇప్పుడు నలభై దాటాయి. తండ్రి ఫోన్ చేస్తే ఇప్పటికీ ఎత్తడు.