సగం పేరు ఆడబిడ్డ దగ్గర

తిరుపతిలో భేరివీధి వెనుక సందులో ఒక పాత మిద్దె ఇల్లు. సాయంత్రం అయిదు గంటలు. నడవలో చాప మీద అలమేలు కూర్చున్నది. ఆమె ముందు చేటలో మల్లెమొగ్గలు ఒక వైపు, కనకాంబరాలు ఒక వైపు, పక్కన చెంబులో నానబెట్టిన అరటినార. ఎదురుగా పడకకుర్చీలో ఆమె భర్త మునిరత్నం. ముప్పై నాలుగేళ్ల పాటు రిజిస్ట్రారు కచేరీ ఎదుట దస్తావేజులు రాసి, చేయి వణకడం మొదలయ్యాక మానుకున్నవాడు. రాయడం మానుకున్నాడే గాని దస్తావేజు భాషలో మాట్లాడటం మానుకోలేదు. ఒడిలో నిఘంటువు ఉన్నది. బెంగళూరులోని కొడుకుకు కూతురు పుట్టి పద్దెనిమిది రోజులయింది. ఇరవై ఒకటో రోజున నామకరణం.

మునిరత్నం: ఇందుమూలముగా తెలియజేయడమేమనగా, పాప పేరు నిశ్చయమైపోయింది. పుట్టినది కృత్తిక మొదటి పాదం కాబట్టి పేరు అకారంతో మొదలుకావాలి. అందుకోసం పంచాంగం తిరగేయవలసిన పని లేదు. ఆ పేరు నా ఎదురుగానే కూర్చుని పూలు కడుతున్నది. పాపకు అలమేలు అని పెడదాం.

అలమేలు: కళ్లయినా సరిగా తెరవని ఆ బిడ్డ మీకేం అపకారం చేసిందండీ? ఆ పేరుతో నేను పడిన పాట్లు చాలవా? బడి రిజిస్టరులో అలివేలు, రేషను కార్డులో అలిమేలు, బ్యాంకు పుస్తకంలో అలమేలమ్మ, ఆధారు కార్డులో అలవేలు. ఈ నలుగురూ ఒకతే అని రుజువు చేయడానికి మీరే స్టాంపు కాగితం మీద ప్రమాణపత్రం రాశారు. అందులో ఒకచోట 'ఆలమేలు' అని దీర్ఘం ఇచ్చి అయిదో దాన్ని పుట్టించారు.

మునిరత్నం: అది దీర్ఘం కాదు, కలం కక్కిన సిరా అని ఆనాడే మనవి చేసుకున్నాను. రాసేవాళ్ల తప్పుకు పేరును నిందించకూడదు. అసలు నీ పేరుకు అర్థమేమిటో నీకు తెలుసా?

అలమేలు: ఎందుకు తెలియదు? అలలకు మేలు చేసేది అని మా నాయన చెప్పేవాడు. మా పుత్తూరులో అలలు లేవు, మీ తిరుపతిలోనూ లేవు. అందుచేత మేలు చేసే అవకాశం నాకు ఈ జన్మకు రాలేదు.

మునిరత్నం: మామగారు మంచివారే గాని నిఘంటువు చూసే అలవాటు లేనివారు. అవి మూడు మాటలు, విను. తమిళంలో 'అలర్' అంటే విరిసిన పువ్వు, 'మేల్' అంటే పైన, 'మంగై' అంటే స్త్రీ. అలర్‌మేల్ మంగై అంటే విరిసిన పువ్వు మీద కూర్చున్న తల్లి, అంటే మనకు అయిదు కిలోమీటర్ల దూరంలో తిరుచానూరులో కొలువున్న పద్మావతమ్మ. పద్మసరోవరంలో బంగారు తామరపువ్వులో ఆ తల్లి వెలసినది కార్తిక శుద్ధ పంచమినాడు అని గదా, ఏటా ఆ రోజున పంచమీతీర్థం జరగడం, కొండమీది నుంచి పసుపూ కుంకుమా చీరా సారెగా ఏనుగు మీద ఊరేగి రావడం! ఆ కథ మొత్తాన్ని మడిచి ఒక్క పేరులో పెడితే వచ్చినది అలర్‌మేల్ మంగ. జనం నోళ్లలో నలిగి నలిగి, మధ్యలో రేఫం రాలిపోయి అలమేలు మంగ అయింది. ఇంకొంచెం నలిగితే అలివేలు.

అలమేలు: అయితే నా పేరు తమిళమా? నలభై రెండేళ్లుగా 'మీ పుత్తూరు తెలుగులో సగం తమిళం' అని నన్ను దెప్పి, ఇప్పుడు ఆ సగాన్నే తీసుకొనిపోయి నా మనవరాలి నెత్తిన పెడతారా?

మునిరత్నం: 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేవరకు మనమందరం ఉత్తర ఆర్కాడు జిల్లావాళ్లమే. ఒక ఇంట్లో తమిళం, పక్కింట్లో తెలుగు మాట్లాడే వీధుల్లో పేర్లు గోడ దూకకుండా ఉంటాయా? అయినా దీని పుట్టుక అంతకన్నా చాలా పాతది. తమిళ వైష్ణవ భక్తకవి నమ్మాళ్వారు తన తిరువాయ్‌మొళి పాటల్లో వేంకటేశ్వరుణ్ణి శరణు వేడుతూ, 'ఒక్క క్షణమైనా విడిచి ఉండలేనని అలర్‌మేల్ మంగై నివసించే వక్షం గలవాడా' అని పిలిచారు. వెయ్యేళ్లు దాటిన పేరు నీది.

అలమేలు: ఆయన వక్షస్థలంలో చోటిచ్చాడు కాబట్టి ఆ తల్లి విడవనన్నది. మీరు ఆ పడకకుర్చీలో పిల్లిని కూడా కూర్చోనివ్వరు.

మునిరత్నం: పిల్లి సంగతి ప్రస్తుత వ్యవహారంలో లేదు. పోనీ, తమిళమని చిన్నబుచ్చుకోకు. తెలుగులో కూడా అలరు అంటే పువ్వే. పువ్వుల విల్లు పట్టినవాడు కాబట్టి మన్మథుణ్ణి మన కవులు అలరువిలుకాడు అన్నారు. అలరడం అంటే విరియడం, ఆనందించడం. 'మహతి ఆడిటోరియంలో నృత్య ప్రదర్శన ప్రేక్షకులను అలరించింది' అని పత్రికలో చదువుతావే, ఆ వార్త రాసినవాడు ఎరుగడు గాని ఆ మాట లోపల ఒక పువ్వు ఉన్నది.

అలమేలు: మీరు నన్ను అలరించినట్టు ఇంతవరకు ఏ పత్రికలోనూ రాలేదు.

మునిరత్నం: ఇక 'మేలు' కూడా మనకు పరాయిది కాదు. దేవుడికి పైన కట్టే గుడ్డను మేల్కట్టు అంటాం గదా, అందులో మేలు అంటే పైన అనే అర్థం. కాబట్టి ఈ పేరు ఉభయ భాషలకూ ఉమ్మడి ఆస్తి, ఎవరూ ఆక్షేపించడానికి వీలు లేదు.

(అలమేలు రెండు మల్లెమొగ్గలు ఇటు, రెండు అటు, కాడలు ఎదురెదురుగా వచ్చేటట్టు పెట్టి, నారను ఒక చుట్టు తిప్పి, చూపుడువేలితో మెలిక వేసి బిగించింది. నాలుగు జతల మల్లెల తరువాత ఒక జత కనకాంబరం. చేతులు ఆగలేదు, నోరూ ఆగలేదు.)

అలమేలు: పూల సంగతి మీ పుస్తకం చెబితే నేను వినాలా? లోకంలో ఆడదాని తల మీద పువ్వు ఉంటుంది, తిరుచానూరులో పువ్వు మీద ఆడది ఉన్నది, అంతే గదా మీరు ఇంతసేపూ చెప్పినది! కొండమీద అయితే మన తలలో పువ్వే ఉండకూడదు. అక్కడ పూచిన ప్రతి పువ్వూ స్వామిదే, అందుకే తిరుమలను పుష్పమంటపం అంటారు. మా అవ్వ చెప్పిన అనంతాళ్వారు కథ మీ నిఘంటువులో ఉన్నదా? రామానుజుల మాట మీద కొండకు వచ్చి, స్వామి పూజ కోసం తోట వేసిన మహానుభావుడు ఆయన. రాత్రిపూట ఎవరో పూలు తెంపుకొనిపోతున్నారని ఆయన కాపు కాశాడు. ఒక జంట దొరికింది. మగవాడు తప్పించుకుని పరుగెత్తాడు, ఆడమనిషి చిక్కింది. ఆమెను సంపెంగ చెట్టుకు కట్టేశాడు. తెల్లవారి చూస్తే గుడిలో స్వామి వక్షాన అమ్మవారు లేదు! అప్పుడు గాని చెట్టుకు కట్టినది ఎవరినో ఆయనకు తెలియలేదు. ఆమెను పూలబుట్టలో కూర్చోబెట్టుకుని, నెత్తిన మోసుకొనిపోయి గుడిలో అప్పగించి, స్వామికి మామగారు అనిపించుకున్నాడు. బ్రహ్మోత్సవాలు ముగిసిన మరునాడు బాగ్‌సవారి అని స్వామి అప్రదక్షిణంగా ఆ తోటకు వెళ్లేది ఇందుకే.

మునిరత్నం: పూలబుట్టలో కూర్చున్నదంటే అదీ అలర్‌మేల్ మంగే గదా. నీ సాక్ష్యం కూడా నా పక్షానికే వచ్చింది.

అలమేలు: నా సాక్ష్యం వేరు. పట్టుబడితే పెళ్లాన్ని వదిలేసి పరుగెత్తడం ఆనాటి నుంచే ఉన్నదని నేను చెబుతున్నాను. ఆయనైనా తరువాత ఏటేటా అదే దారిన వెళ్లి వస్తున్నాడు.

మునిరత్నం: (గొంతు సవరించుకుని) రెండవ సాక్షి, తాళ్లపాక అన్నమాచార్యులు. 1408లో పుట్టి 1503 వరకు జీవించినవారు. ఆయన కీర్తనలను రాగిరేకుల మీద చెక్కించి కొండమీది గుడిలో ఒక రాతి అరలో దాచిపెట్టారు. మనకు దొరికినవే పన్నెండు వేలకు పైన. వాటిలో ఒకదాని పల్లవి విను. 'అలరులు కురియగ నాడెనదే, అలకల కులుకుల అలమేలుమంగ.' అలరు అనే పువ్వునూ అలమేలు అనే పేరునూ ఒకే పల్లవిలో పక్కపక్కన కూర్చోబెట్టాడు ఆ మహానుభావుడు. ఆమె ఆడుతుంటే పూలు రాలుతున్నాయట. రెండో పాదంలో అలకలు అన్నాడు చూడు! అలమేలు అని పేరు పెడితే అలక దానంతట అదే వస్తుందని అయిదు వందల ఏళ్లకు ముందే ఆయనకు తెలుసు.

అలమేలు: అలకలు అంటే ముంగురులండీ! నుదుటి మీద పడే వెంట్రుకలు. సంస్కృతంలో అలకం. కులుకుతూ ఆడుతుంటే ముంగురులు ఊగాయని ఆయన చెబుతున్నాడు. నేను పుత్తూరు బడిలో తొమ్మిది వరకు చదివాను.

మునిరత్నం: తెలుగులో అలక అంటే అలగడం కూడా. కవి రెండూ ఉద్దేశించి ఉండవచ్చు.

అలమేలు: కవి ఏమి ఉద్దేశించాడో గాని, మీరు ఒకటే ఉద్దేశించారు. (కొంతసేపు మౌనంగా కట్టి) సరే, పేరు బాగానే ఉన్నది. పువ్వు మీద కూర్చున్న స్త్రీ. ఇన్నేళ్లకు నా పేరుకు ఒక మర్యాదైన అర్థం చెప్పారు. నా పేరే పెట్టండి.

(ఇక్కడ ఊరుకొని ఉంటే మునిరత్నానికి రాత్రి వేడి అన్నం దొరికేది. అయితే ముప్పై నాలుగేళ్లు హద్దులు రాసిన మనిషి. కొలతలో తేడా కనిపిస్తే నాలుక నిలవదు.)

మునిరత్నం: ఒక చిన్న వివరణ. కచ్చితంగా చెప్పాలంటే, 'అలమేలు' అనే మాటకు 'పువ్వు మీద' అన్నంతవరకే అర్థం. స్త్రీ అనే అర్థం అందులోకి రాదు. అది 'మంగ' అనే భాగంలో ఉన్నది.

అలమేలు: అంటే?

మునిరత్నం: అంటే, నీ పేరులో పువ్వు ఉన్నది, మీద ఉన్నది. కూర్చున్న మనిషి లేదు.

అలమేలు: ఆ మనిషి ఎక్కడున్నది?

మునిరత్నం: (నిఘంటువు మూసి) శ్రీకాళహస్తిలో ఉన్నది. మా చెల్లెలు మంగ.

(నార పుటుక్కున తెగింది.)

అలమేలు: ఏమన్నారు? నలభై రెండేళ్లుగా ఈ ఇంట్లో దీపం పెట్టిన నేను పీటనూ, పండుగకు ఒకసారి వచ్చి సారె పట్టుకొనిపోయే మీ చెల్లెలు పీట మీద కూర్చునే అమ్మవారూనా? మా పెళ్లికి మా నాయన పెట్టిన వెండి పళ్లెం తీసుకున్నది, ఊరుకున్నాను. అత్తగారి కమ్మలు తీసుకున్నది, ఊరుకున్నాను. ఇప్పుడు నా పేరులో మనిషిని కూడా తీసుకొనిపోయిందా?

మునిరత్నం: అది తీసుకొనిపోలేదే. ఒక పేరును జనం రెండు వాటాలు చేసుకున్నారు. కొందరు ముందు భాగం పెట్టుకుని అలమేలు అయ్యారు, కొందరు వెనుక భాగం పెట్టుకుని మంగ, మంగమ్మ అయ్యారు. ఇద్దరిదీ ఒకే తల్లి పేరు. మీ పిన్ని తాయారమ్మ పేరూ అమ్మవారిదే, మన పద్మ పేరూ అదే. ఒక పేరంటంలో అందరినీ కూర్చోబెడితే ఒక్క దేవతే పది విస్తళ్లలో భోంచేసినట్టు.

అలమేలు: మిగతావాళ్ల విస్తళ్లు నాకెందుకు? నాకూ మీ చెల్లెలికీ ఒకే పేరు అని తెలిసి కూడా ఇన్నాళ్లూ నాతో చెప్పలేదంటే, అది భాగస్వామిని మోసం చేయడం కాదా? మీ దస్తావేజు భాషలోనే చెప్పండి.

మునిరత్నం: మొన్న మంగళవారం నిఘంటువులో చూసేదాకా నాకూ తెలియదు. అదలా ఉంచి, ఇంకొక ఇబ్బంది వచ్చిపడింది. పేరు రెండక్షరాలకు మించకూడదని కోడలు చెప్పి పంపింది. ఆ లెక్కకు అలమేలు నాలుగు అక్షరాలు. మంగ అయితే సరిగ్గా రెండే...

అలమేలు: ఆ మాట పూర్తి చేశారంటే రాత్రికి మీరు శ్రీకాళహస్తికి బస్సెక్కి, మీ రెండక్షరాల చెల్లెలి ఇంట్లోనే భోంచేయాలి. పైగా మకారం మఖా నక్షత్రానికి. పాపది కృత్తిక అన్నది మీరే.

మునిరత్నం: (ఊపిరి పీల్చుకుని) ఆ ఆక్షేపణ సక్రమంగానే ఉన్నది. మంగ కొట్టివేయడమైనది.

(అలమేలు తెగిన నారను పక్కన పెట్టి, చెంబులోంచి కొత్త పోగు తీసి, పాత కొసకు ముడి వేసింది. ముడి పడినచోట కనిపించకుండా ఒక కనకాంబరం జత ఎక్కువ పెట్టింది. ఆ నాలుగు వేళ్ల దండను ఎత్తి, ఎటు నుంచి ఎటో కాసేపు చూసింది.)

అలమేలు: ఏమండీ, మనిషి లేని ఉత్త పువ్వును పాపకు పెట్టడం నాకు ఇష్టం లేదు. పెడితే మొత్తం పెట్టండి. అలమేలుమంగ. కోడలు పిలుచుకోవడానికి రెండక్షరాలు తనకు కావలసినవి తుంచుకుంటుంది. జనన ధ్రువపత్రంలో మాత్రం పూర్తిగా ఉండాలి. ఏడాదిలోపల రాయిస్తే రుసుము కూడా లేదన్నారు గదా.

మునిరత్నం: దివ్యంగా ఉన్నది! ఇప్పుడే రాసిపెడతాను. అ, ల, మే, లు, మం, గ.

అలమేలు: ఆగండి. లు తరువాత కొంచెం జాగా విడిచి మం రాయండి.

మునిరత్నం: జాగా విడిస్తే సమాసం విడిపోతుంది.

అలమేలు: విడవకపోతే మీ చెల్లెలు నా మీదికి ఎక్కి కూర్చున్నట్టు ఉంటుంది. ఒక వేలు వెడల్పు చాలు. నడవడానికి దారి.

మునిరత్నం: (రాస్తూ) తూర్పున అలమేలు, పడమర మంగ, మధ్యన ఉభయులకూ ఉమ్మడి నడకదారి. అయితే మంగకు ఒక మాట చెప్పాలి. ఆమె పేరు పెడుతూ చెప్పకుండా ఉంటే పెద్ద గొడవ చేస్తుంది. ఎవరు చెప్పేది?

అలమేలు: మీరు చెబితే మీ చెల్లెలు వైపు నుంచి చెబుతారు. ఫోను ఇటు ఇవ్వండి. (ముంజేతితో చెమట తుడుచుకుని, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించి, చేతులతో పూలు కడుతూనే) హలో, మంగా? నేను, మీ వదినను. అందరూ బాగున్నారా? ఏమీ లేదమ్మా, వెండి పళ్లెం సంగతి కాదు. నా పేరులో సగం నువ్వు పుట్టినప్పటి నుంచి నీ దగ్గరే ఉన్నదని మీ అన్న ఇప్పుడే లెక్క తేల్చారు. పాపకు కావలసి వచ్చింది. ఆదివారం నామకరణానికి వచ్చేటప్పుడు తీసుకొనిరా. పళ్లెం కూడా గుర్తొస్తే, సరే, దాన్నీ తెచ్చేయ్.