పోయినవాడు పెట్టే తద్దినం

కళాకారుడు బతికుండగా పనిచేయడం శుద్ధ దండగ అని ఎంతో ఆలోచించి తేల్చాను. సాక్ష్యానికి అమెరికన్ రాక్ గిటారిస్టు జిమీ హెండ్రిక్స్ ఉన్నాడు. బ్యాండుతో స్టూడియోలో చేసిన ఆల్బమ్‌లు మూడంటే మూడే. 1970లో లండన్‌లో, 27 ఏళ్లకే పోయాడు. ఇక చూడండి, మనిషికి తీరికే లేదు! 1971లో ఒక కొత్త ఆల్బమ్, 2013లో ఇంకొకటి, 2018లో మరొకటి. మధ్యలోవి వదిలేస్తున్నాను, చోటు చాలదు.

ఆ 2018లోనే ఆయన మూడో ఆల్బమ్ ‘ఎలక్ట్రిక్ లేడీలాండ్’కి యాభయ్యో ఏటి పెట్టె (బాక్స్ సెట్) వచ్చింది. 1968లో రెండు ఎల్పీలు (పెద్ద గ్రామఫోన్ రికార్డులు), ఇప్పుడు ఆరు, కొసరుగా ఒక బ్లూరే డిస్కు. అదనపు సరుకులో ఒక కచేరీ ఉంది, ఆయన పక్కన పడేసిన తొలి ప్రయత్నాలూ ఉన్నాయి. వాయించిందే మళ్లీ మళ్లీ వాయిస్తున్నాడని విసిగి, నిర్మాత చాస్ చాండ్లర్ రికార్డింగ్ మధ్యలోనే దండం పెట్టి వెళ్లిపోయాడు. ఆ విసుగుకి ఇంత గిరాకీ ఉందని తెలిస్తే పాపం ఇంకో నాలుగు రోజులు ఓర్చుకునేవాడేమో.

అట్ట కథ ఇంకా గొప్పది. న్యూయార్క్ సెంట్రల్ పార్కులో ‘ఆలిస్ ఇన్ వండర్‌లాండ్’ విగ్రహం దగ్గర, పిల్లలతో తన బ్యాండు ఉండగా ఫొటోగ్రాఫర్ లిండా ఈస్ట్‌మన్ తీసిన ఫొటో వేయమని హెండ్రిక్స్ రికార్డు కంపెనీకి ఉత్తరం రాశాడు. కంపెనీ పట్టించుకోలేదు. యాభయ్యేళ్లకు, చనిపోయినవాడి విన్నపం మన్నించి అదే ఫొటో వేశారు. మన ఆఫీసుల్లో ఫైలు ఆలస్యంగా కదులుతుందని ఇకమీదట ఎవరూ గొణగకండి.

మన దగ్గర తద్దినానికి పోయినవాడికి మనం పెడతాం. అక్కడ పోయినవాడే బతికున్నవాళ్లందరికీ వడ్డిస్తాడు, అదీ బ్లూరేతో సహా.

మారేడుపల్లిలో మా మిత్రుడొకడు కస్టమ్స్ సుంకం కట్టి మరీ ఈ పెట్టె తెప్పించుకున్నాడు. సీలు విప్పితే విలువ పడిపోతుందట! అందుకని అద్దాల బీరువాలో పెట్టి, ఆ పాటలే అమీర్‌పేట నుంచి రాయదుర్గం దాకా మెట్రోలో ఫోన్లో వింటాడు. “విప్పకపోతే ఎందుకు కొన్నావురా?” అంటే నన్ను జాలిగా చూశాడు. ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో పాత సినిమా ఫోర్‌కే రీరిలీజుకి కాగితాలు చింపి ఎగరేసే జనం మీద మాత్రం వాడికి మహా చిన్నచూపు.

కంపెనీవారికి నాదొక మనవి. 2068లో నూరేళ్ల పెట్టె ఎలాగూ తెస్తారు కదా, అందులో గిటారు శ్రుతి చేసుకున్న చప్పుడికి విడిగా రెండు ఎల్పీలు కేటాయించండి. ముందస్తు బుకింగ్ ఎప్పుడో చెబితే మావాడు బీరువాలో అర ఖాళీ చేసుకుంటాడు.