టీలు పంచే ఉద్యోగమట!

"సినిమాల్లో ప్రొడక్షన్ మేనేజర్ అంటే టీలు, టిఫిన్లు చూసుకునేవాడు. చదువు అక్కర్లేదు. కమీషన్లతో మూడేళ్లలో ఇల్లు కట్టేస్తాడు. ఎంత చేసినా అక్కడే ఉండిపోతాడు. ఇప్పుడు యాప్‌లు వచ్చాయి కాబట్టి ఆ ఉద్యోగం కూడా పోతుంది." ఈ మెసేజ్ ఫోన్ నుంచి ఫోన్‌కి తిరిగి తిరిగి మా మేనల్లుడి దాకా వచ్చింది. "మామయ్యా, నువ్వు చేసేది ఇదేనా?" అని అడిగాడు. పద్దెనిమిదేళ్లుగా ఈ పనిలో ఉన్నాను. వాడికి చెప్పిందే ఇక్కడా రాస్తున్నాను.

టీలు, టిఫిన్లు చూసుకుంటాం, నిజమే. అందులో సిగ్గుపడేదేమీ లేదు. టీ చేతికి అందించేది ప్రొడక్షన్ బాయ్. ఎంతమందికి, ఎన్నింటికి అన్న లెక్క మాది. లొకేషన్‌లో 150 మంది ఉన్న రోజు టిఫిన్ అరగంట ఆలస్యమైతే 75 పని గంటలు పోయినట్టే. పొద్దుటి ఎండలో తీయాల్సిన సీనైతే ఆ రోజుకి షాటే ఉండదు. ఇక ఆ టిఫిన్ ఇడ్లీ చల్లారేలోపు మా బుర్రలో తిరిగేవి వేరే ఉంటాయి. హీరోయిన్ డేట్లు ఎప్పటితో అయిపోతాయి, కెమెరా, లైట్లు తెచ్చే ఔట్‌డోర్ యూనిట్ వ్యాన్ ఎన్నింటికి బయల్దేరింది, జనరేటర్ ఎంత దూరంలో పెడితే దాని చప్పుడు మైకులో పడదు, వాన పడితే ఇంట్లో తీయడానికి ఏ సీను రెడీగా ఉంది, ఆ సీన్‌లో ఉన్న తాత వేషం ఆర్టిస్టు ఈపాటికి ఊళ్లో దిగాడా లేదా.

చదువు సంగతి. డిగ్రీ చూపించమని ఎవరూ అడగరు, అంతవరకు ఒప్పుకుంటాను. కానీ కథలో ఆరేళ్ల పాప ఉందనుకోండి. 2017లో సవరించిన బాల కార్మిక నిబంధనల ప్రకారం జిల్లా మేజిస్ట్రేట్ అనుమతి తీసుకోవాలి. రోజుకు ఐదు గంటలకు మించి పని చేయించకూడదు. విశ్రాంతి ఇవ్వకుండా ఏకబిగిన మూడు గంటలు దాటకూడదు. పాప సంపాదనలో కనీసం 20 శాతం ఆ పాప పేరునే బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయాలి. డైరెక్టర్ గారు "ఇంకొక్క టేక్, అంతే" అంటున్నప్పుడు గడియారం చూసి "కుదరదు సార్" అనాల్సినవాడు మేనేజరే. అదే సీన్‌లో గుర్రం ఉంటే జంతు సంక్షేమ బోర్డు అనుమతి కావాలి. గోల్కొండ కోటలో తీస్తే పురావస్తు శాఖ అనుమతి కావాలి. ఇవన్నీ టీ కప్పులు లెక్కపెడితే వచ్చే విద్యలు కావు.

కమీషన్లు తీసుకునేవాళ్లు లేరని బొంకను. ఉన్నారు, వాళ్ల పేర్లు హైదరాబాద్‌లో సినిమా పనివాళ్లుండే కృష్ణానగర్‌లో అందరికీ తెలుసు. అయితే ఒక మనిషికి ఒక రోజులో 10,000 రూపాయలు దాటి నగదు ఇస్తే ఆదాయపు పన్ను లెక్కల్లో దాన్ని ఖర్చుగా ఒప్పుకోరు. అందుకే ప్రతి వౌచర్ మీదా అకౌంటెంట్ కన్ను ఉంటుంది. మూడేళ్లలో ఇల్లు మాట దేవుడెరుగు, సినిమా మధ్యలో ఆగితే ముందు ఆగేది మా జీతమే. ఒకచోట నాకు నాలుగు నెలల డబ్బు ఇంకా రావాలి. ఫోన్ చేస్తే "చూద్దాం బ్రదర్" అంటారు. 2025 ఆగస్టులో కార్మికులు 30 శాతం వేతన పెంపు అడిగి షూటింగులు ఆపినప్పుడు, అటు రోజు కూలీ పోయిన లైట్‌మన్ ఫోన్లూ నాకే, ఇటు నిర్మాత ఫోన్లూ నాకే.

అక్కడే ఉండిపోతాడన్న మాటకి ఒక్క పేరు చాలు. కె.వి. రెడ్డి గారు 'వందేమాతరం' (1939), 'సుమంగళి' (1940), 'దేవత' (1941) చిత్రాలకి ప్రొడక్షన్ మేనేజర్‌గా చేశారు. ఆ తర్వాతే 'భక్త పోతన'తో దర్శకుడయ్యారు. 'మాయాబజార్' తీసింది ఆయనే. రిహార్సల్స్‌లో స్టాప్‌వాచ్ పెట్టుకుని సీను నిడివి ముందే తేల్చుకునేవారని చెబుతారు. ఆ అలవాటు మేనేజర్‌గా లెక్కలు చూసిన రోజుల్లోనే పట్టుబడి ఉంటుందని నా అనుమానం. మాలో అందరూ అంతవాళ్లం కాలేం, నిజమే. అలాగని దారే లేదనడం అన్యాయం.

చివరికి యాప్‌లు. నేనూ వాడతాను. ఏ సీను ఏ రోజు అన్నది చార్టు చకచకా వేసి పెడతాయి, చాలా సుఖం. కానీ ఆ చార్టులో లేని పని ఒకటి చెబుతాను. కోనసీమలో ఒకసారి పెంకుటింట్లో తీస్తున్నాం. మధ్యాహ్నం ఆ ఇంటాయన వచ్చి "మా మామగారు వచ్చారండీ, ఆయనకి ఈ గోల పడదు, ఆపెయ్యండి" అన్నాడు. ఇంకా రెండు షాట్లున్నాయి. నేను వెళ్లి ఆ పెద్దాయన పక్కన అరుగు మీద కూర్చున్నాను. కొబ్బరి ధర దగ్గర మొదలుపెట్టి, ఆయన మోకాళ్ల నొప్పుల దాకా విన్నాను. నలభై నిమిషాల తర్వాత లోపల్నించి "ప్యాకప్" వినిపించింది. "అదేంటి, అప్పుడే అయిపోయిందా? నేను చూద్దామనుకున్నానే" అన్నాడాయన.