సుంకేసుల నీటికుక్కలు, వలల సంగతి

కర్నూలు దగ్గరి సుంకేసుల బ్యారేజీ వద్ద నీటికుక్కలు (ఆటర్లు) వలలు చింపి తుంగభద్రలో చేపలన్నీ ఊడ్చేస్తున్నాయని ఒక కథనంలో రాశారు. వల చింపే మాట నిజమే. రాత్రంతా వదిలేసిన నైలాన్ వలలో చేప కొట్టుకుంటుంటే వాటికి విస్తరి వేసినట్టే కదా! పొద్దుగూకేటప్పుడు, తెల్లవారుజామున వేట జోరుగా ఉంటుంది కాబట్టి ఆ వేళల్లో వల నీళ్లలో ఉంచకపోతే నష్టం తగ్గుతుంది. వలలో ఇరుక్కుంటే అదీ బతకదు, ఊపిరికి పైకి రావాల్సిన జంతువు.

ముఖ్యంగా అవి పెంట వేసే బండల దగ్గర వల కట్టొద్దు. గుంపంతా ఒకేచోట, నీటికి కాస్త ఎత్తులో వేస్తుంది. పచ్చిది నల్లగా, జిగటగా, నీచు వాసన కొడుతుంది. ఎండితే తెల్లబారి పొలుసులు, ముళ్లు, ఎండ్రకాయ పెంకులుగా రాలిపోతుంది. పక్కన తడి ఇసుకలో జాడ చూడండి, ఐదు వేళ్లు పడతాయి. ఊరకుక్కకు నాలుగే.

చేపలు తగ్గిన నింద మాత్రం వీటి మీద వేయడం అన్యాయం. తోటా పేల్చినచోట, బ్లీచింగ్ పౌడర్ కలిపినచోట పిల్లచేపలు కూడా మిగలవు. నిజానికి ముప్పు నీటికుక్కలకే. బండల సందుల్లో, గట్టు మీది చెట్ల వేళ్ల కింద అవి పిల్లల్ని పెడతాయి. ఇసుక కోసం జేసీబీ ఆ గట్టు తెంపిందంటే ఆ ఏడాది పిల్లలు పోయినట్టే.

ఇదే నది మీద కర్ణాటక 2015లో ముద్లాపుర నుంచి కంప్లి దాకా 34 కిలోమీటర్లు నీటికుక్కల సంరక్షణ రిజర్వుగా ప్రకటించింది. మనవాళ్లు కనీసం మంత్రాలయం దిగువ మడుగుల్లో పెంట బండలైనా లెక్క తీయాలి.